ఎండిన ఆకు పీకేయొద్దు: స్టాగ్‌హార్న్ ఫెర్న్ గురించి తిరుపతిలో ఒక మాట

(తిరుపతిలో మిద్దె తోటలు పెంచేవాళ్లు కలుసుకున్న ఒక ఆదివారం ఉదయం చేసిన ప్రసంగం. మాట్లాడింది మాట్లాడినట్టే, మధ్యలో అడిగిన ప్రశ్నలతో సహా.)

అందరికీ నమస్కారం. వెనక కూర్చున్నవాళ్లు ముందుకు రండి, ఇవాళ మాటల కంటే చూపించేదే ఎక్కువ. ఈ బల్ల మీదున్న చెక్కలన్నీ ఒక్కొక్కటీ మీ చేతుల్లోకి వస్తాయి. ఒక్కటే కోరిక, ఆకుల మీద బూడిద పూసినట్టు తెల్లగా ఉంది చూశారా, దాన్ని వేలితో తుడవద్దు. అది దుమ్ము కాదు. ఏమిటో కాసేపట్లో చెప్తాను.

మన ఊళ్లో ఈ మధ్య స్టాగ్‌హార్న్ ఫెర్న్ కొనేవాళ్లు బాగా పెరిగారు. బెంగుళూరు వెళ్లినప్పుడు ఒకటి తెచ్చుకుంటారు, లేదంటే కడియం నుంచి తెప్పించుకుంటారు, దుప్పి కొమ్ముల్లా చీలిన ఆకులు గోడ మీంచి వేలాడుతుంటే ఇంటికి వచ్చినవాళ్లందరూ అడుగుతారు కదా, ఆ సరదా. కొన్నాళ్లు బానే ఉంటుంది. తర్వాత మొక్క వాడిపోయి, నా దగ్గరికి తెచ్చి చూపిస్తారు. నీళ్లు ఎక్కువైనవి కొన్ని, ఎండకు మాడినవి కొన్ని. కానీ చాలా వాటిలో నేను మొదట చూసేది ఒకటే, అడుగున ఉండాల్సిన గోధుమరంగు ఆకులు ఉండవు. "ఎండిపోయాయి కదా, పీకేశాం" అంటారు.

వాళ్లను తప్పుపట్టలేం. మందారానికైనా గులాబీకైనా ఎండిన ఆకు తీసేస్తేనే మంచిదని మనకు అలవాటు. కానీ ఈ మొక్కకు ఆ ఎండిన ఆకే ఇల్లు, నీళ్ల తొట్టి, ఎరువు గుంట, అన్నీ. ఇవాళ నేను చెప్పబోయేదంతా ఆ ఆకు గురించే.

ఇదిగో, ఈ చెక్క చూడండి. దీన్ని ప్లాటిసీరియం బైఫర్కేటమ్ అంటారు, నర్సరీల్లో దొరికేది ఎక్కువగా ఇదే, దీని సొంత ఊరు ఆస్ట్రేలియా తూర్పు వైపు. దీనికి రెండు రకాల ఆకులున్నాయి. బయటికి చాచుకుని చీలిపోయి వేలాడేవి ఒక రకం, మనం ముచ్చటపడేది వీటిని చూసే. రెండో రకం ఇదిగో, గుండ్రంగా, చెక్కను కరుచుకుని పరుచుకున్నది. దీన్ని కవచపు ఆకు అనుకోండి. పుట్టినప్పుడు లేత పచ్చగా, మెత్తగా ఉంటుంది, కొన్ని వారాలకు పెరగడం ఆగిపోయి రంగు మారి, కాగితంలా గోధుమరంగులోకి వస్తుంది. రాలదు. దాని మీద ఇంకోటి వస్తుంది, దాని మీద ఇంకోటి. ఈ అంచు దగ్గర నేను వేలు పెట్టి కొంచెం ఎత్తుతున్నాను, దగ్గరికి వచ్చి చూడండి, పుస్తకం పేజీల్లా ఎన్ని పొరలున్నాయో. పొరకీ పొరకీ మధ్య నల్లగా, దూదిలా అల్లుకున్నవే వేళ్లు. ఆ పొరలు లోపల కుళ్లుతూ ఉంటే వేళ్లు వాటినే తింటూ ఉంటాయి. ముట్టుకోండి అమ్మా, ఫరవాలేదు. చల్లగా ఉంది కదా? నిన్న పొద్దున తడిపాను దీన్ని. పైన ఆకు పొడిగా గలగలమంటోంది, లోపల మాత్రం ఇంకా తేమ ఉంది. ఇప్పుడు ఆ పై పొర పీకేస్తే ఏమవుతుందో మీరే చెప్పండి, మే నెల గాలికి ఈ వేళ్లు ఒక్క మధ్యాహ్నం తట్టుకుంటాయా?

ఇది నేల మీద పెరిగే మొక్క కాదు. అడవిలో మానుకు అతుక్కుని, మట్టి అనేదే తెలియకుండా బతుకుతుంది. మట్టి లేదు కాబట్టి మట్టిని తనే తయారు చేసుకోవాలి. ప్లాటిసీరియం సుపర్బమ్ అని ఇంకో రకం ఉంది, ఆస్ట్రేలియాదే, చాలా పెద్దది, దాని కవచపు ఆకులు పైభాగంలో మానును వదిలి బయటికి విచ్చుకుంటాయి. పైనుంచి రాలిన ఆకులు, పూలు, పిట్టల రెట్టలు, చచ్చిన పురుగులు, వాన నీళ్లు, అన్నీ వచ్చి అందులో పడతాయి. అక్కడే కుళ్లి ఎరువవుతాయి. అంత ఎత్తున, ఎవరూ పోయకుండా, పెట్టకుండా ఒక మొక్క తన చెత్త తనే పోగేసుకుని పెద్దదవుతోందంటే నాకు ఎన్నిసార్లు చూసినా ఆశ్చర్యమే.

(దామలచెరువు వైపు నుంచి వచ్చిన ఒక రైతు లేచి, "అయితే ఇది బదనిక లాంటిదే కదండీ, మామిడికి కట్టుకుంటే కాపు దెబ్బతినదా?" అని అడిగారు.)

మంచి ప్రశ్న అన్నా, మామిడి ఉన్న జిల్లాలో ఈ ప్రశ్న రాకపోతేనే ఆశ్చర్యం. బదనిక వేరు, ఇది వేరు. బదనిక విత్తనం పిట్టల వల్ల కొమ్మకు అంటుకుంటుంది, మొలిచి, కొమ్మ లోపలికి వేరు దింపి, మామిడి తాగాల్సిన నీళ్లు అది తాగుతుంది. అందుకే మీరు బదనిక పట్టిన చోటుకు కిందనుంచి కొమ్మ కోసేస్తారు. ఈ ఫెర్న్ వేళ్లు బెరడు మీదే ఉంటాయి, లోపలికి దిగవు. మాను దగ్గర దీనికి కావలసింది నిలబడటానికి చోటు, నీడ, అంతే. మాను నుంచి చుక్క నీరు తీసుకోదు. కాపుకు నష్టం లేదు. బరువు మాత్రం చూసుకోవాలి, సన్న కొమ్మకు కట్టకండి, లావు మానుకే కట్టండి. మందులు గట్టిగా కొట్టే తోటలో వద్దు, ఈసారి మామిడికేమీ కాదు, ఫెర్న్‌కే దెబ్బ.

బరువు అన్నాను కాబట్టి దీని చుట్టం ఒకదాని గురించి చెప్పాలి. బర్డ్స్ నెస్ట్ ఫెర్న్ మీలో చాలామంది ఇళ్లలో ఉంది, పొడవాటి అరిటాకు ముక్కల్లాంటి ఆకులు గుండ్రంగా గూడు కట్టి ఉంటాయి. దాన్ని మనం కుండీలో చూసి చిన్న మొక్క అనుకుంటాం. బోర్నియోలో, సబా రాష్ట్రంలో డానమ్ వ్యాలీ అనే వానల అడవి ఉంది, అక్కడ ఎల్‌వుడ్, ఫాస్టర్ అనే ఇద్దరు పరిశోధకులు పెద్ద మాన్ల పైకెక్కి ఈ ఫెర్న్‌లను పరిశీలించి 2004లో నేచర్ పత్రికలో రాశారు. అక్కడ ఒక్కొక్క ఫెర్న్ పచ్చి బరువు 200 కిలోల దాకా ఉంటుంది. అంతకంటే విశేషం ఏమిటంటే, ఈ ఫెర్న్‌లలో దాక్కున్న పురుగులు, చీమలు, జెర్రులు వంటివన్నీ కలిపి తూస్తే, ఆ చెట్టు తలలో మిగతా భాగమంతటిలో ఎంత ఉన్నాయో దాదాపు అంతే వచ్చాయి. అంటే అంతకుముందు వానల అడవి పైభాగంలో ఇంత జీవం ఉంటుందని వేసుకున్న లెక్కను రెట్టింపు చేయాల్సి వచ్చింది, అదీ ఒక్క జాతి ఫెర్న్‌ను లెక్కలో కలిపినందుకు. మన కుండీలో ఉన్నప్పుడు ఆ నడిమి గూట్లో పడిన ఎండుటాకులను రోజూ ఏరి శుభ్రం చేసేవాళ్లున్నారు. కొన్ని ఉండనివ్వండి. అది వాటి కోసమే ఆ ఆకారంలో పెరిగింది.

ఇప్పుడు ఆ బూడిద సంగతి. ఈ చెక్కను వెలుతురుకు అడ్డంగా పట్టుకుని చూడండి, భూతద్దం తెచ్చాను, దాంతో చూస్తే ఇంకా బాగా తెలుస్తుంది. అవి నూగు వెంట్రుకలు, ఒక్కొక్కటీ నక్షత్రంలా నాలుగు వైపులా చీలి ఉంటుంది. ఎండ నేరుగా ఆకుకు తగలకుండా, గాలికి నీరు తొందరగా ఆవిరైపోకుండా అవి కాపు కాస్తాయి. మెరుస్తుందని గుడ్డ పెట్టి తుడిస్తే ఆ నూగు పోతుంది, ఆ ఆకుకు మళ్లీ రాదు. వేపనూనె కూడా అందుకే కొట్టొద్దంటాను, నూగంతా అంటుకుపోయి ఆకు మచ్చలు పడుతుంది. పొలుసు పురుగు పడితే చెవిలో పెట్టుకునే దూదిపుల్లను స్పిరిట్‌లో ముంచి ఒక్కొక్క పురుగునే తాకించి తీసేయండి. ఓపిక కావాలి, కానీ ఉన్నవి పది, పన్నెండు ఆకులే కదా.

ఇంకో పొరపాటు ఇక్కడే చెప్పేస్తాను. ఈ ఆకు కొసలు తిప్పి చూడండి. చాక్లెట్ రంగులో మెత్తగా వెల్వెట్ అతికించినట్టు ఉంది కదా. ఇది చూసి తెగులు పట్టిందని మందు కొట్టినవాళ్లున్నారు, కొసలు కత్తిరించినవాళ్లూ ఉన్నారు. అవి సిద్ధబీజాలు. ఫెర్న్‌కు పువ్వు ఉండదు, విత్తనం ఉండదు, ఈ పొడే దాని సంతానం. మీ మొక్కకు ఇది వచ్చిందంటే సంతోషించండి, మొక్క ఈడుకు వచ్చింది, మీ దగ్గర సుఖంగా ఉంది. ఈ పొడి తడి చోట పడితే నేరుగా ఫెర్న్ మొలవదు, ముందు గోరంత కూడా లేని, హృదయం ఆకారంలో ఒక పచ్చటి పలక వస్తుంది. దాని మీద మగ కణాలు నీటి పొరలో ఈదుకుంటూ వెళ్లి ఆడ కణాన్ని చేరితే, అప్పుడు అసలు ఫెర్న్ మొదలవుతుంది. చుక్క నీరు లేకపోతే ఆ పెళ్లి జరగదు. అందుకే తడి ఎక్కువున్న అడవుల్లోనే ఇవి ఎక్కువ.

బైఫర్కేటమ్‌కు ఇంత కష్టం లేదు, పక్కన పిలకలు వేస్తుంది, అరటిలాగే. సుపర్బమ్‌కూ, ఫిలిప్పీన్స్‌లో ఉండే గ్రాండేకూ పిలకలు రావు, సిద్ధబీజాలతోనే పెంచాలి. ఈ రెండింటినీ చాలా కాలం ఒకటే అనుకున్నారు, 1970లో విడదీశారు. తేడా సులువు, ఒక్కో ఆకు మీద సిద్ధబీజాల మచ్చ ఒకటే ఉంటే సుపర్బమ్, రెండుంటే గ్రాండే.

ప్లాటిసీరియం అనే పేరు కింద, అంటే స్టాగ్‌హార్న్‌లలో, మొత్తం 18 దాకా జాతులున్నాయి. ఆఫ్రికా, మడగాస్కర్, ఆగ్నేయాసియా, ఆస్ట్రేలియా, వీటిలోనే దాదాపు అన్నీ. ఒక్కటి మాత్రం దక్షిణ అమెరికాలో, పెరూ, బొలీవియాల్లో ఉంది. మన దేశంలో సహజంగా ఉండేది వాలిచై అనే రకం, అదీ మణిపూర్‌లో, మయన్మార్ సరిహద్దు వైపు. దానికి ఒక గుణం ఉంది, ఎండాకాలంలో ఆకులు ముడుచుకుని చచ్చినట్టు పడుంటుంది, వానలకు మళ్లీ విచ్చుకుంటుంది.

పిలకలు అన్నాను కదా, వాటి గురించి ఈ మధ్య వచ్చిన ఒక పరిశోధన వినండి, నాకు చాలా ఇష్టమైనది. ఆస్ట్రేలియాకు తూర్పున సముద్రంలో లార్డ్ హౌ అనే చిన్న దీవి ఉంది. అక్కడ ఈ బైఫర్కేటమ్ మాన్ల మీద గుంపులుగా పెరుగుతుంది. న్యూజిలాండ్‌కు చెందిన కెవిన్ బర్న్స్, ఆయనతో మరికొందరు, ఆ గుంపులను చూసి 2021లో ఎకాలజీ పత్రికలో రాశారు. గుంపులో మొక్కలన్నీ ఒకే పని చేయడం లేదు. కొన్నింటి పొడవాటి ఆకులు వాన నీటిని జార్చి గుంపు నడిమికి పంపుతున్నాయి. కొన్నింటి కవచపు ఆకులు ఆ నీటిని స్పాంజిలా పీల్చి పెట్టుకుంటున్నాయి. సుమారు 40 శాతం మొక్కలు సిద్ధబీజాలే వేయలేదు, అవి ఎక్కువగా ఆ నీరు పట్టే రకం. పది గుంపుల డీఎన్‌ఏ చూస్తే ఎనిమిదింటిలో అన్నీ ఒకే తల్లి పిలకలు, రెండింటిలో మాత్రం వేరేవి కలిసి ఉన్నాయి. తేనెటీగల్లో, చెదపురుగుల్లో కనిపించే పని విభజన లాంటిది మొక్కల్లో కూడా ఉందా అని వాళ్లు అడిగారు. అడిగారు అంటున్నాను, తేల్చేశారు అనడం లేదు, వాళ్లే తమ వ్యాసం పేరు చివర ప్రశ్న గుర్తు పెట్టుకున్నారు. మనకు పనికొచ్చే సంగతి మాత్రం ఇందులో ఉంది, పిలక వచ్చిన ప్రతిసారీ కోసి విడదీయాలన్న తొందర వద్దు. గుంపుగా వదిలేసిన మొక్క మన ఎండను ఒంటరి మొక్క కంటే బాగా తట్టుకుంటుంది, ఎందుకంటే నడిమి మేట పెద్దదవుతుంది, తేమ ఎక్కువసేపు నిలుస్తుంది.

సరే, తిరుపతికి వద్దాం. ఇక్కడ మే నెలలో 42, 43 డిగ్రీలు మామూలు. కత్తిరి ఎండల్లో మిద్దె మీద గ్రీన్ నెట్ కింద వేలాడదీశాం కదా అని ధైర్యంగా ఉండకండి, కింద స్లాబు వేడి, పక్క నుంచి వడగాలి, రెండూ కలిసి మొక్కను ఆరబెడతాయి. ఆ ఎండలు తగ్గేదాకా మిద్దె దించి తూర్పు వైపు వరండాలోకో, చెట్టు కిందికో మార్చండి. పొద్దుటి ఎండ పడొచ్చు, పది తర్వాతి ఎండ వద్దు.

నీళ్ల విషయం అందరికీ టెన్షన్. రోజూ పోయాలా, వారానికోసారా అని అడుగుతారు. రోజులు లెక్కపెట్టకండి, చెక్క ఎత్తి చూడండి. బాగా తడిపిన వెంటనే ఎంత బరువుందో చేతికి గుర్తుంచుకోండి, తేలికైనప్పుడే మళ్లీ తడపండి. తడిపేటప్పుడు పైపైన చల్లడం కాదు, బకెట్ నీళ్లలో చెక్కను పది, పదిహేను నిమిషాలు నానబెట్టి, నీళ్లు కారిపోయేదాకా పక్కన పెట్టి, అప్పుడు తగిలించండి. ఎండాకాలంలో రెండు, మూడు రోజులకోసారి పడుతుంది, కార్తీకంలో ముసురు పట్టినప్పుడు వారం దాటినా పడదు. ఆకుల మొదట్లో నల్లగా, మెత్తగా మచ్చ మొదలైతే నీళ్లు ఎక్కువైనట్టు, ఆపేయండి. ఆకు వాడి వాలిపోతే దాహం. ఈ రెండూ తెలిస్తే చాలు.

బోరు నీళ్లు మనకు చాలాచోట్ల ఉప్పు. కొన్నాళ్లకు ఆకు మీద తెల్లటి పొలుసు కడుతుంది, నూగేదో ఉప్పేదో తెలియదు. వాన నీళ్లు పట్టుకోగలిగితే అంతకు మించింది లేదు, మనకు అక్టోబరు నుంచి డిసెంబరు దాకా వానలు గట్టిగానే పడతాయి, 2021 నవంబరు వానలు ఎవరూ మర్చిపోలేదు. లేనివాళ్లు ఏసీ నుంచి కారే నీళ్లు పట్టి వాడండి, అందులో ఉప్పు ఉండదు.

("అరటి తొక్క పెట్టమంటున్నారు కదండీ?" అని ముందు వరుసలో ఒకామె అడిగారు.)

పెట్టొచ్చమ్మా, కవచపు ఆకు వెనక తొక్క ముక్క దోపితే అది కుళ్లి కొంచెం పొటాష్ అందుతుంది. కానీ దానితో కడుపు నిండదు, ఆకు పెరగాలంటే నత్రజని కావాలి, తొక్కలో అది తక్కువ. పైగా మన ఇళ్లలో ఆ వాసనకు చీమలు, ఈగలు చేరతాయి. దానికంటే 19:19:19 అనే నీటిలో కరిగే ఎరువును లీటరు నీటికి అర గ్రాము కలిపి, పెరిగే నెలల్లో నెలకోసారి నానబెట్టే నీళ్లలోనే ఇవ్వండి. నేనైతే నాలుగు ఎండు వేపాకులు కూడా పైన దోపి వదిలేస్తాను, అడవిలో పడేది అదే కదా.

మానుకు కట్టాలనుకునేవాళ్లు జూలై, ఆగస్టుల్లో కట్టండి. చలికాలపు వానలు వచ్చేలోపు వేళ్లు బెరడు పట్టుకుంటాయి. మామిడి అన్నిటికంటే మేలు, ఏడాదంతా నీడ ఉంటుంది. వేప కూడా బాగుంటుంది కానీ మాఘం, ఫాల్గుణంలో ఆకు రాల్చినప్పుడు మొక్క ఎండలో పడుతుంది, ఆ రోజుల్లో గోనెపట్టా కట్టండి. జామకు వద్దు, బెరడు పొరలుగా ఊడిపోతుంది, ఫెర్న్ కూడా దాంతోపాటే ఊడుతుంది. మాను ఉత్తరం వైపో, తూర్పు వైపో చూసుకుని, తడిపిన కొబ్బరి పీచు పలచగా పరిచి, దాని మీద మొక్కను ఆనించి, నైలాన్ దారంతో కవచపు ఆకుల మీదుగా చుట్టండి. ఇదిగో, ఈ నడిమి మొగ్గ, ఆకులన్నీ పుట్టేది ఇక్కడి నుంచే. దీని మీద దారం పడకూడదు, పీచు కప్పకూడదు. రాగి తీగ వాడొద్దు, ఫెర్న్‌లకు రాగి పడదు. కొత్త కవచపు ఆకు వచ్చి దారాన్ని కప్పేసిందంటే మొక్క నిలబడినట్టే.

చివరిగా ఒకటి గట్టిగా చెప్పాలి. తమిళనాడులో ఏర్కాడు, కొల్లి మలలు వెళ్లినవాళ్లు రోడ్డు పక్కన గొర్రె కాలులా నూగున్న దుంపలు అమ్మడం చూసే ఉంటారు, అరవంలో ముడవాట్టుకాల్ కిళంగు అంటారు, కీళ్ల నొప్పులకు సూప్ చేసుకుంటారు. అది డ్రైనేరియా క్వెర్సిఫోలియా అనే ఫెర్న్, ఈ స్టాగ్‌హార్న్‌కు చుట్టమే. దానికీ రెండు రకాల ఆకులే, ఎండాకాలంలో పచ్చటి ఆకులు రాల్చేసి, గోధుమరంగు బుట్ట ఆకులతో దుంపను కప్పుకుని వాన కోసం కాచుకుంటుంది. నెమ్మదిగా పెరిగే దుంప అది. మాను మీద, బండ మీద ఏళ్ల తరబడి పేరుకున్నదాన్ని ఒక పూట సూప్ కోసం కోసుకొస్తున్నారు. దయచేసి కొనకండి. కీళ్ల నొప్పి నిజమే, బాధ నిజమే, డాక్టరుకు చూపించుకోండి. అలాగే తలకోన వైపు వెళ్లినప్పుడు బండల మీదా మాన్ల మీదా ఏ ఫెర్న్ కనిపించినా చేయి పెట్టొద్దు. అది శ్రీ వేంకటేశ్వర జాతీయ ఉద్యానవనం, అక్కడినుంచి మొక్క తేవడం నేరం. నేరం కాకపోయినా తేవద్దంటాను, ఆ జలపాతం తుంపర పక్కన పెరిగినది మన వరండాలో నెల రోజులు బతకదు.

పెంచాలనిపిస్తే ఇంకొకరి పిలక అడగండి. ఈ మూల ట్రేలో నా మొక్కలవి కొన్ని ఉన్నాయి, ఒక్కొక్క దానికి కనీసం ఒక గోధుమరంగు ఆకు ఉండేలా చూసి తీశాను. చెక్క తెచ్చుకున్నవాళ్లు ఇటు రండి, ఇప్పుడే కట్టుకుందాం, దారం, పీచు ఇక్కడున్నాయి. చెక్క లేనివాళ్లు తడి కాగితంలో చుట్టి తీసుకెళ్లి, రేపటిలోపు కట్టేయండి.